నోట్‌బుక్‌లో కొట్టేసిన రెండు మాటలు: సాధన, ప్రతిభల మీద ఒక చెస్ కోచ్ కేస్ స్టడీ

కొత్తగా చేరిన పిల్లలు ఎవరైనా సరే, మొదటి వారంలోనే నోట్‌బుక్‌లో వాళ్ళ పేజీ పైన ఒక్క మాట రాసుకోవడం నాకు చాలా ఏళ్ళుగా ఉన్న అలవాటు. ఈ కేసులోని ఇద్దరూ ఒకే నెలలో చేరారు, ఇద్దరికీ తొమ్మిదేళ్ళే. అబ్బాయి పేజీ మీద ‘చురుకు’ అని రాశాను, అమ్మాయి పేజీ మీద ‘నిదానం’ అని రాశాను. తర్వాత పదకొండు నెలల పాటు నేను వాళ్ళకి ఏం నేర్పాను, ఏం హోంవర్క్ ఇచ్చాను, తప్పు చేసినప్పుడు ఎంతసేపు ఆగి చెప్పాను అన్నవన్నీ ఆ రెండు మాటల ప్రకారమే జరిగాయని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

కష్టపడితే ఎవరైనా పైకి వస్తారా, లేక అది పుట్టుకతో రావాల్సిందేనా అని తల్లిదండ్రులు నన్ను అడగని వారం ఉండదు. ఒకప్పుడు వెంటనే ఏదో ఒక జవాబు చెప్పేదాన్ని. ఈ మూడేళ్ళ కేసు తర్వాత అలా చెప్పలేకపోతున్నాను, అందుకే జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. పిల్లల్ని ఎవరూ గుర్తుపట్టకుండా కొన్ని వివరాలు మార్చాను.

మొదటి వారం ఏం చూశాను

చేరిన పిల్లలకి నేను ఒక చిన్న పరీక్ష పెడతాను. నిజంగా జరిగిన ఒక ఆట మధ్యలోని పొజిషన్‌ని బోర్డు మీద పేర్చి, పది సెకన్లు చూడనిచ్చి, పైన గుడ్డ కప్పేసి, పక్క బోర్డు మీద గుర్తున్నంత వరకు పెట్టమంటాను. 22 పావుల్లో అబ్బాయి 15 సరైన గళ్ళలో పెట్టాడు, అమ్మాయి 6 పెట్టింది. రెండెత్తుల్లో ఆట కట్టించే పజిల్స్ ఇస్తే అబ్బాయి చూస్తూనే పావు మీద చెయ్యి వేసేవాడు, ఎక్కువసార్లు అది సరైన పావే. అమ్మాయి రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని కూర్చునేది, ఒక్కో పజిల్‌కి నాలుగైదు నిమిషాలు తీసుకునేది, అంతసేపు కూర్చుని కూడా ఒక్కోసారి తప్పు చెప్పేది.

అంతే, నా దృష్టిలో విషయం తేలిపోయింది. అబ్బాయికి కాంబినేషన్లు (వరుస ఎత్తులతో చేసే దాడులు), పదునైన ఓపెనింగులు (ఆట మొదటి ఎత్తులు), పెద్ద పెద్ద ఆటగాళ్ళ ఆటలు. అమ్మాయికి మాత్రం పునాదులు: రాజు-బంటు ఎండ్‌గేమ్స్ (కొన్ని పావులే మిగిలిన ఆట చివరి దశ), రూక్ (ఏనుగు) ఎండ్‌గేమ్స్, అదీ చేసిందే మళ్ళీ మళ్ళీ. ఆ ఏడాది అబ్బాయి ఆడిన ప్రతి చిన్న పోటీలోనూ ముందున్నాడు, అమ్మాయి మధ్యలో ఎక్కడో ఉండేది, అది చూసి నా అంచనా కరెక్టే అనుకున్నాను. నిజానికి ఆ ఫలితాల్లో సగం నేను ఇచ్చిన పాఠాల ఫలితమే అని అప్పుడు తట్టలేదు.

పదకొండో నెల

ఒక పోటీలో ఒకే రోజు ఇద్దరికీ దాదాపు ఒకే రకం ఎండ్‌గేమ్ వచ్చింది. అవతలి వాళ్ళకి ఒక రూక్, ఒక బంటు ఉన్నాయి, మన వాళ్ళకి రూక్ మాత్రమే ఉంది, మన రాజు బంటుకి ఎదురుగా నిలబడి ఉన్నాడు. చెస్‌లో దీన్ని ఫిలిడోర్ పొజిషన్ అంటారు, సరిగ్గా ఆడితే డ్రా. మన వైపు నుంచి లెక్కపెడితే మూడో వరుసలో రూక్‌ని కాపలా పెట్టి అవతలి రాజుని లోపలికి రానివ్వకూడదు, వాళ్ళు గత్యంతరం లేక బంటుని ఆ వరుసలోకి తోసిన వెంటనే మన రూక్‌ని బోర్డు ఆ చివరికి తీసుకెళ్ళి వెనక నుంచి వాళ్ళ రాజుకి చెక్‌లు ఇస్తూ పోవాలి. బంటు ముందుకు జరిగిపోయింది కాబట్టి వాళ్ళ రాజుకి తల దాచుకునే చోటు ఉండదు.

అమ్మాయి చాలా సమయం తీసుకుంది, కానీ ఆ డ్రా కాపాడుకుంది. అబ్బాయి పది ఎత్తుల్లో ఓడిపోయాడు, తన గడియారంలో ఇంకా 40 నిమిషాలు మిగిలి ఉన్నాయి.

ఓడిపోయినందుకు కాదు నేను ఆగిపోయింది. అమ్మాయికి ఆ పొజిషన్ ఎలా వచ్చు? నేనే ఇరవైసార్లు చేయించాను, ‘నిదానం’ కదా అని. అబ్బాయికి ఒక్కసారి చూపించి వదిలేశాను, ‘చురుకు’ కదా అని. ఆ సాయంత్రం అతన్ని కూర్చోబెట్టుకుని ఇంట్లో రోజూ ఏం చేస్తావని అడిగాను. రెండు గంటలు ఆడతానన్నాడు. ఏం ఆడతావంటే, మూడు నిమిషాల బ్లిట్జ్ ఆటలు, ఒకటి అయిపోగానే ఇంకొకటి. ఓడిపోయిన ఆటని ఎప్పుడైనా వెనక్కి వెళ్ళి చూశావా అంటే లేదన్నాడు. ఆ రెండు గంటల్ని నేను ఏడాది పాటు నా పుస్తకంలో సాధన కింద లెక్క రాశాను.

ఆట వేరు, సాధన వేరు

ఆండర్స్ ఎరిక్సన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త తన సహచరులతో కలిసి 1993లో అచ్చువేసిన వ్యాసం నుంచి ‘డెలిబరేట్ ప్రాక్టీస్’ అన్న మాట జనంలోకి వచ్చింది. నేను దాన్ని గురి ఉన్న సాధన అంటాను. బెర్లిన్‌లోని ఒక సంగీత అకాడమీలో వయొలిన్ నేర్చుకునేవాళ్ళని పదిమంది చొప్పున మూడు గుంపులుగా తీసుకుని, చిన్నప్పటి నుంచి ఒంటరిగా ఎన్ని గంటలు సాధన చేశారో అడిగి లెక్కకట్టారు. 18 ఏళ్ళ వయసుకి అందరికంటే బాగా వాయించేవాళ్ళ సగటు 7,410 గంటలు, వాళ్ళ తర్వాతి వాళ్ళది 5,301, సంగీతం టీచర్లు కాబోయేవాళ్ళది 3,420. ఇరవై ఏళ్ళకి పైగుంపు సగటు 10,000 దాటింది, అందరూ పట్టుకున్న అంకె అదే.

కానీ ఆ వ్యాసంలో నాకు పనికొచ్చింది గంటల లెక్క కాదు, ఆ గంటలో ఏం ఉండాలన్నది. నేర్చుకునేవాడి ఫలానా లోపం మీద పెట్టిన పని అయి ఉండాలి, చేసిన వెంటనే తప్పో ఒప్పో తెలియాలి, తెలిసినదాన్ని సరిచేసి మళ్ళీ చేయాలి, మనసు పూర్తిగా పెట్టాలి. అది దానికదే సరదాగా ఉండే పని కాదని కూడా వాళ్ళు స్పష్టంగా రాశారు. ఈ కొలత పెట్టి చూస్తే అబ్బాయి ఏడాది మొత్తంలో చేసిన సాధన చాలా తక్కువ, అతను ఆడాడు అంతే. అమ్మాయి చేసినది ఎక్కువ, అది కూడా నా తెలివి వల్ల కాదు, నా తప్పుడు అంచనా వల్ల ఆమెకి అనుకోకుండా కలిసొచ్చింది.

మరి మొదటి వారం నేను చూసిన ఆ జ్ఞాపకశక్తి? దాన్ని కూడా తవ్వి చూడాలనిపించింది. 1973లో విలియం చేజ్, హెర్బర్ట్ సైమన్ అనే ఇద్దరు ఇదే గుడ్డ కప్పే పరీక్షని ఇంకో రకంగా చేశారు. నిజం ఆటలోని పొజిషన్ అయితే మాస్టర్ స్థాయి ఆటగాడు కొత్తవాడి కంటే చాలా ఎక్కువ పావులు గుర్తుపెట్టుకున్నాడు, అవే పావుల్ని అడ్డదిడ్డంగా చల్లేసి చూపిస్తే ఆ తేడా దాదాపు మాయమైంది. అంటే మాస్టర్‌కి ఉన్నది ఫోటో లాంటి జ్ఞాపకం కాదు, చూసి చూసి అలవాటైన ఆకారాలు. నేనూ అదే చేశాను, పావుల్ని కళ్ళు మూసుకుని చల్లినట్టు పెట్టి ఇద్దరికీ చూపించాను. అబ్బాయి 5 పెట్టాడు, అమ్మాయి 5 పెట్టింది. రెండోసారి 4, 5. మూడోసారి ఇద్దరూ 5.

అబ్బాయి వాళ్ళమ్మగారిని పిలిచి అడిగాను, బాబు మా దగ్గరికి రాకముందు చెస్ ఆడేవాడా అని. “వాళ్ళ అన్నయ్యతో ఆడేవాడు మేడమ్, ఏడో ఏడు నుంచీ ఇద్దరూ ఫోన్‌లో ఒకటే ఆట, మేం తిట్టి మాన్పించేవాళ్ళం” అన్నారు. రెండేళ్ళ ఆట. నేను చేరే ఫారంలో ఆ ప్రశ్నే పెట్టలేదు. అమ్మాయికి చేరేనాటికి పావుల పేర్లు తెలిసి ఆరు వారాలే. రెండేళ్ళ తేడాని నేను పుట్టుకలో తేడాగా చదివాను. ఈ ఒక్క విషయం ప్రతి కోచ్‌కీ చెప్పాలని ఉంటుంది నాకు, ఎందుకంటే మొదటి రోజు మనం చూసే ‘టాలెంట్’లో ఎంత భాగం ఎవరికీ కనపడకుండా ముందే జరిగిపోయిన సాధనో, అడిగితే తప్ప తెలియదు. అడిగితే కూడా ఒక్కోసారి ఇంట్లోవాళ్ళు చెప్పరు, వాళ్ళ దృష్టిలో అది ఉత్త ఆట కాబట్టి.

24 వారాలు, ఇద్దరికీ ఒకే పని

పన్నెండో నెల నుంచి ఇద్దరి ప్లాన్‌నీ ఒకటి చేశాను. వారానికి ఐదు గంటలు, నా దగ్గర రెండు, ఇంట్లో మూడు. చివరగా ఓడిపోయిన ఆటని ముందు కంప్యూటర్ సాయం లేకుండా తామే పరిశీలించి, ఏ ఎత్తు దగ్గర ఆట తిరిగిపోయిందో, అప్పుడు మనసులో ఏం అనుకున్నారో రాయాలి, ఆ తర్వాతే ఇంజిన్ (ఎత్తుల్ని లెక్కకట్టే చెస్ ప్రోగ్రామ్) పెట్టి చూడాలి. అక్కడ దొరికిన తప్పు రకానికి సంబంధించి తర్వాతి వారానికి పదిహేను పొజిషన్లు ఇస్తాను. పజిల్స్ చేసేటప్పుడు పావు ముట్టుకోకూడదు, అవతలివాళ్ళు ఇచ్చే అతి మంచి జవాబుతో సహా మొత్తం కాగితం మీద రాశాకే సరిచూసుకోవాలి. ఎండ్‌గేమ్ అయితే కంప్యూటర్ మీద వరుసగా మూడుసార్లు నెగ్గుకొచ్చే వరకు అదే పొజిషన్. బ్లిట్జ్ వారానికి అరగంట ఆడుకోవచ్చు, కానీ అది ఈ ఐదు గంటల లెక్కలోకి రాదు.

మూడో వారంలో అబ్బాయి కాగితం నా బల్ల మీద పెట్టి, “మేడమ్, ఇది ఆటలా లేదు” అన్నాడు, కళ్ళలో నీళ్ళు. అతను అన్నది అక్షరాలా నిజం. బతిమాలలేదు, కోప్పడలేదు, పనిని 20 నిమిషాల ముక్కలుగా కోసి మధ్యలో లేచి తిరగనిచ్చాను. అమ్మాయి మాత్రం 50 నిమిషాలు కదలకుండా కూర్చునేది, లేవమన్నా లేచేది కాదు. ఈ తేడాని నేను అప్పట్లో ప్రవర్తన అనుకుని పక్కన పెట్టాను, దాని గురించి తర్వాత చెబుతాను.

నేను లెక్కపెట్టినవి మూడే. ఎక్కువ సమయం ఇచ్చే పెద్ద ఆటల్లో చూసుకోకుండా పావు ఊరికే పోగొట్టుకునే తప్పులు: అబ్బాయివి ఆటకి సగటున నాలుగు ఉండేవి, 24 వారాల చివరికి ఒకటికి తగ్గాయి, అమ్మాయివి మూడు నుంచి ఒకటికి వచ్చాయి. ఇక్కడ సాధన ఇద్దరికీ పనిచేసింది, అనుమానం లేదు, ఏడాదిలో రానిది ఆరు నెలల్లోపే వచ్చింది.

రెండోది, ఒక కొత్త ఐడియాని వరుసగా మూడుసార్లు తప్పు లేకుండా చేయడానికి ఎన్ని ఉదాహరణలు పడుతున్నాయన్నది. అబ్బాయికి నాలుగైదు, అమ్మాయికి తొమ్మిది నుంచి పన్నెండు. నాకు అసలు ముఖ్యమైన కొలత ఇదే, ఎందుకంటే ఇద్దరికీ కొత్తే అయిన విషయాలే ఎంచుకున్నాను, ముందు ఆడిన రెండేళ్ళు ఇక్కడ అంతగా కలిసిరాకూడదు. 24 వారాల తర్వాత కూడా ఆ తేడా అలాగే ఉంది. ముందు నేర్చిన దానికి దగ్గరగా ఉన్నవాటిలో అమ్మాయి లెక్క ఆరేడుకి తగ్గింది, పూర్తిగా కొత్తవాటిలో తగ్గలేదు.

మూడోది, నేర్చుకున్నది ఆరు వారాల తర్వాత చెప్పాపెట్టకుండా మళ్ళీ అడిగితే ఎంత మిగిలింది. నిదానంగా నేర్చుకున్నది గట్టిగా నిలుస్తుందంటారు కదా, నేనూ అదే వస్తుందని ఎదురుచూశాను, నిజం చెప్పాలంటే అలా రావాలని కోరుకున్నాను. రాలేదు. ఇద్దరికీ దాదాపు సమానంగానే నిలిచింది.

కాబట్టి ప్రతిభ అనేది కట్టుకథ అని నేను రాయలేను. ఇద్దరి సాధననీ సమానం చేశాక కూడా ఒక తేడా మిగిలింది, దానికి నా దగ్గర వేరే పేరు లేదు. కాకపోతే అది నేను మొదటి వారం చూశాననుకున్నంత పెద్దది కాదు, నేను చూశాననుకున్న చోట కూడా లేదు.

పరిశోధనలు ఏమంటున్నాయి

నా ఇద్దరు పిల్లల లెక్క ఎవరికీ రుజువు కాదు, కానీ పెద్ద లెక్కలు కూడా ఇదే వైపు చూపిస్తున్నాయి. ఫెర్నాండ్ గోబే, గియెర్మో కాంపితెల్లి 2007లో అర్జెంటీనా చెస్ ఆటగాళ్ళ మీద చేసిన పరిశీలనలో మాస్టర్ స్థాయికి రావడానికి ఒకరికి సుమారు 3,000 గంటలు సరిపోతే ఇంకొకరికి 23,000 దాటాయి. అంతకంటే ఎక్కువ చేసి కూడా ఆ స్థాయి అందనివాళ్ళు ఉన్నారు. గంటలు అవసరమే, ఊరికే మాస్టర్ అయినవాడు అందులో ఒక్కడూ లేడు, కానీ ఎన్ని గంటలన్నది మనిషికీ మనిషికీ ఏడెనిమిది రెట్లు మారిపోతోంది.

బ్రూక్ మెక్‌నమారా బృందం 2014లో అప్పటిదాకా వచ్చిన అధ్యయనాలన్నీ కలిపి లెక్క తీసింది. మనుషుల ప్రదర్శనలో కనిపించే తేడాల్లో గురి ఉన్న సాధనతో వివరించగలిగేది చెస్ లాంటి ఆటల్లో 26 శాతం, సంగీతంలో 21, క్రీడల్లో 18, చదువులో 4, ఉద్యోగ వృత్తుల్లో ఒక శాతం కంటే తక్కువ. దీన్ని చూసి సాధన దండగ అనేవాళ్ళని చూశాను, అది తప్పు చదవడం. ఇవి మనిషికీ మనిషికీ మధ్య తేడాల లెక్కలు, ఒకే మనిషి సాధన చేస్తే ఎంత మెరుగవుతాడన్నది ఈ అంకెల్లో లేదు. ఆ బెర్లిన్ వయొలిన్ అధ్యయనాన్నే మెక్‌నమారా ఇంకొకరితో కలిసి 2019లో మళ్ళీ చేసి చూస్తే, బాగా వాయించేవాళ్ళకీ అందరికంటే బాగా వాయించేవాళ్ళకీ మధ్య సాధన గంటల్లో తేడా కనపడలేదు. కింది గుంపు మాత్రం స్పష్టంగా తక్కువ చేసింది. నా అనుభవంతో ఇది బాగా కలుస్తుంది: ఒక స్థాయి దాకా సాధనే మనుషుల్ని వేరు చేస్తుంది, అందరూ గట్టిగా సాధన చేసేవాళ్ళే ఉన్న చోట వేరు చేసేది ఇంకేదో.

ఇది ఆటని బట్టి కూడా మారుతుంది. 2007 ఒసాకా ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో హైజంప్ గెలిచిన డొనాల్డ్ థామస్ ఆ ఈవెంట్‌లోకి దిగి అప్పటికి ఏడాదిన్నరే, అతని వెనక ఉండిపోయినవాళ్ళలో స్టెఫాన్ హోమ్ చిన్నప్పటి నుంచీ అదే పనిగా దూకినవాడు, 2004 ఒలింపిక్ విజేత. కాళ్ళ పొడవు, కండరాన్ని ఎముకకి కట్టే స్నాయువు సాగే తీరు ముఖ్యమైన చోట అలా జరగొచ్చు. చెస్‌లో ఏడాదిన్నరలో ప్రపంచ ఛాంపియన్ అయినవాడు లేడు.

ఇప్పుడు ఆ 50 నిమిషాల కుర్చీ సంగతి. మిరియమ్ మోసింగ్ బృందం 2014లో స్వీడన్‌లోని పదివేల మందికి పైగా కవలల మీద చేసిన పని చదివినప్పుడు నేను చాలాసేపు ఆలోచనలో పడ్డాను. ఎంతసేపు సంగీత సాధన చేస్తారన్నదాంట్లో మనుషుల మధ్య ఉన్న తేడాల్లోనే పుట్టుకతో వచ్చే వారసత్వం వాటా 40 నుంచి 70 శాతం ఉందని వాళ్ళు తేల్చారు. అంటే సాధన ఒక గంపలో, ప్రతిభ ఇంకో గంపలో వేసి తూచడమే కుదరదు. ఆ అమ్మాయి తన తప్పుని ముందు పెట్టుకుని 50 నిమిషాలు కదలకుండా కూర్చోగలగడం కూడా ఒక వరమే కావచ్చు. దాన్ని నేను ఏడాది పాటు ‘నిదానం’ అని పిలిచాను. ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ బాధగా ఉంటుంది.

మూడో విద్యార్థి

ఈ కేసులో అతను లేడు, కానీ అతని గురించి చెప్పకపోతే సగమే చెప్పినట్టవుతుంది. పదిహేనేళ్ళవాడు, రెండేళ్ళుగా ఇదే పద్ధతిలో ఒక్క వారం తప్పకుండా చేస్తున్నాడు, మొదటి ఏడాది బాగా పెరిగి తర్వాత ఆగిపోయాడు. వాళ్ళ నాన్నగారు ఒకరోజు వచ్చి, “పదివేల గంటలు చేస్తే వస్తుందంటారు కదా మేడమ్, మావాడికి ఇంకెన్ని మిగిలాయో చెప్పండి, చేయిస్తాను” అన్నారు.

ఆ పదివేలు సగటు మాత్రమేనని, బెర్లిన్‌లో ఆ పైగుంపులోనే సగం మంది ఇరవై ఏళ్ళకి దాన్ని చేరలేదని ఎరిక్సనే తర్వాత రాశారని చెప్పాను. “మీ అబ్బాయి సాధనలో లోపం లేదండీ, నేను వెతికాను. తను పెరుగుతాడు, కానీ మీరు అనుకుంటున్నంత వేగంగా కాదు, దీన్నే వృత్తిగా పెట్టుకోమని నేను చెప్పలేను” అన్నాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. ఈ మాట చెప్పే హక్కు నాకు ఎందుకు వచ్చిందంటే, అతని సాధనని రెండేళ్ళు దగ్గరుండి సరిచేశాక చెప్పాను. మొదటి వారం గుడ్డ కప్పే పరీక్ష చూసి ఇదే మాట చెప్పి ఉంటే అది పెద్ద అన్యాయం. నేను కొందరికి అలా చెప్పాను కూడా, వాళ్ళు ఇప్పుడు ఎక్కడున్నారో తెలియదు.

ఆ పదిహేనేళ్ళవాడినే అడిగితే, ఆడటం ఇష్టమే, పోటీలంటేనే టెన్షన్ అన్నాడు. ఇప్పుడు వారానికి రెండు రోజులు వస్తున్నాడు, పోటీలకి పేరు ఇవ్వడం లేదు.

ఈ కేసులో లోపాలు

ఇద్దరే పిల్లలు. నేర్పింది నేనే, మార్కులు వేసింది నేనే, ఎవరు ఎవరో తెలిసి వేశాను. పన్నెండో నెలకి వచ్చేసరికే ఇద్దరికీ వేరు వేరు ఏడాది గడిచింది, అది నేనే గడిపించాను, దాన్ని చెరిపేసి మొదలుపెట్టడం కుదరదు. పైగా ఇంట్లో చేసిన మూడు గంటలు వాళ్ళు రాసి తెచ్చినవే.

ఇప్పుడు ఇద్దరికీ పన్నెండేళ్ళు. కిందటి ఏడాదిలో ఒకరితో ఒకరు 14 పెద్ద ఆటలు ఆడారు, అమ్మాయి ఆరు గెలిచింది, అబ్బాయి ఐదు, మూడు డ్రా. బ్లిట్జ్‌లో మాత్రం అబ్బాయిదే పైచేయి, అందులో మార్పేమీ లేదు. అబ్బాయి ఒక్క దఫాలో కూర్చునే సమయం 20 నిమిషాల నుంచి 35కి వచ్చింది, దానికి రెండేళ్ళు పట్టింది. అది నేర్పగలిగిందో, వయసుతో వచ్చిందో నేను విడదీయలేను.

నోట్‌బుక్‌లో ఆ రెండు మాటలూ కొట్టేశాను. కొత్తగా చేరేవాళ్ళ పేజీ పైన ఇప్పుడు మూడు గళ్ళు ఉంటాయి: ముందు ఎవరితో, ఎంతకాలం ఆడారు, కొత్తది ఎన్ని ఉదాహరణలకి పట్టుకున్నారు, తప్పు ముందు ఎంతసేపు కూర్చున్నారు. ఆరు నెలలు నిండే వరకు రెండో గడిలో ఏమీ రాయను. ఈ నెల ఇద్దరికీ క్వీన్ ఎండ్‌గేమ్స్ మొదలుపెట్టాం, ఇద్దరికీ పూర్తిగా కొత్త. అబ్బాయి మొదటి ఐడియాని ఐదో ఉదాహరణకి పట్టుకున్నాడు. అమ్మాయి ఎనిమిదోది చేస్తోంది, రేపు మళ్ళీ కూర్చుంటానంది.